అందరికీ వైద్యం అందించిన టామీ డగ్లస్

మెడికల్ బిల్లుల బాధ పెన్షనర్లమైన మనకు తెలియనిది కాదు. అందుకే కెనడాలోని సస్కాచెవాన్ రాష్ట్రానికి 1944 నుండి 1961 వరకు ముఖ్యమంత్రిగా పనిచేసిన టామీ డగ్లస్ గురించి నాలుగు మాటలు.

ఆయన 1904లో స్కాట్లండులో పుట్టి, కుటుంబంతో విన్నిపెగ్ నగరం చేరారు. చిన్నతనంలో మోకాలి ఎముక చెడి కాలు తీసివేయవలసిన స్థితి వచ్చింది. తల్లిదండ్రులకు స్తోమత లేదు. వైద్య విద్యార్థులకు చూపించడానికి ఒప్పుకుంటే ఉచితంగా ఆపరేషను చేస్తానని ఒక సర్జను ముందుకు రావడంతో కాలు దక్కింది. అందరికీ అటువంటి సర్జను దొరకడు కదా! డగ్లస్ ఆ మాట మరచిపోలేదు.

అధికారంలోకి వచ్చిన ఏడే ప్రభుత్వోద్యోగులకు సంఘం ద్వారా జీతభత్యాలపై సంప్రదించే హక్కును చట్టబద్ధం చేశారు. 1945లో వృద్ధాప్య పెన్షనర్లకు ఉచిత వైద్యం ఇచ్చారు. 1947 జనవరి 1 నుండి మనిషికి ఏటా 5 డాలర్లు, కుటుంబానికి 30కి మించకుండా కట్టించుకొని, ఆసుపత్రి ఖర్చు ప్రభుత్వమే భరించింది. డాక్టర్ల ఫీజుల సంగతి మాత్రం ఖజానా కుదుటపడేదాకా ఆపారు. గుమాస్తాగా పనిచేసిన నాకు ఈ జాగ్రత్తే ఎక్కువ నచ్చింది.

ఆ పథకం 1962 జులై 1న వచ్చేనాటికి ఆయన జాతీయ పార్టీకి నాయకుడై వెళ్ళారు. డాక్టర్లు 23 రోజులు సమ్మె చేయగా తట్టుకున్నది తరువాతి ముఖ్యమంత్రి వుడ్రో లాయిడ్. అంతకు రెండు వారాల ముందే పార్లమెంటు ఎన్నికలలో రెజీనా ఓటర్లు డగ్లస్‌ను ఓడించారు. 1966లో దేశమంతటికీ వైద్య బీమా చట్టం వచ్చింది. ఆయన 1986లో కన్నుమూశారు. 2004లో సీబీసీ టెలివిజన్ ప్రేక్షకులు ఓట్లు వేసి అత్యుత్తమ కెనడియన్‌గా ఎన్నుకున్నది ఈయననే.