బల్ల మీది దేహం, తెర మీది గొంతు: రోగి ఉద్యమకారుడైన చోట డాక్యుమెంటరీ బాధ్యత

ప్రాణాంతకమైన జబ్బుతో పోరాడుతూనే వైద్యం అందరికీ అందాలని ఉద్యమించే మనిషిని చిత్రించడం కష్టమైన పని. కెమెరా ముందుగా దేహాన్నే చూస్తుంది. ఆ మనిషి ఏం అడుగుతున్నాడో వినడానికి దర్శకుడు ప్రత్యేకంగా పూనుకోవాలి. అలా పూనుకున్న ఒక అమెరికన్ చిత్రాన్నీ, ఇంకా అలాంటి చిత్రం కోసం ఎదురుచూస్తున్న ఒక నల్గొండ జీవితాన్నీ ఈ వ్యాసం కలిపి పరిశీలిస్తుంది.

నికొలస్ బ్రక్‌మన్ తీసిన 'నాట్ గోయింగ్ క్వైట్లీ' 2021లో విడుదలైంది. అందులోని ఏడీ బార్కన్ న్యాయవాది. 2016లో, కొడుకు పుట్టిన కొద్ది నెలలకే, ముప్పై రెండేళ్ల వయసులో ఆయనకు ఏఎల్‌ఎస్ ఉన్నట్టు తేలింది. నరాలు ఒక్కొక్కటిగా పనిచేయడం మానేసి, చివరికి మాటనూ ఊపిరినీ లాక్కునే వ్యాధి అది. 2017 డిసెంబరులో ఆయన విమానంలో సెనేటర్ జెఫ్ ఫ్లేక్‌ను కలిశారు. పన్ను బిల్లు వల్ల తనలాంటి రోగుల వైద్యానికి కోత పడుతుందని నిలదీశారు. ఆ వీడియో దేశమంతా చూసింది. అయినా ఫ్లేక్ బిల్లుకే ఓటేశారు. 2019 ఏప్రిల్‌లో అమెరికా ప్రతినిధుల సభ కమిటీ అందరికీ ప్రభుత్వ ఆరోగ్య బీమాపై విచారణ జరిపినప్పుడు, కంటిచూపుతో నడిచే కంప్యూటర్ గొంతుతో బార్కన్ సాక్ష్యం చెప్పారు. 2023 నవంబరు 1న, 39 ఏళ్ల వయసులో, చనిపోయారు.

ఈ చిత్రం బలం ఎక్కడుంది? బార్కన్ మాట క్షీణిస్తున్నకొద్దీ ఆయన వాదన పదునెక్కడం మనం కళ్లారా చూస్తాం. బీమా కంపెనీ ఏం నిరాకరిస్తోంది, ఏ చట్టం మారాలి, ఎవరిని అడగాలి అన్నది ప్రేక్షకుడు ఆయన నోటనే వింటాడు. రోగి ఇక్కడ వాదించేవాడు. జాలిపడటానికి చూపించే ఉదాహరణ కాదు.

ఇక నల్గొండకు వద్దాం. ఇప్పటి ఆంధ్రప్రదేశ్‌లోని దర్శి ప్రాంతంలో ఫ్లోరోసిస్ ఉందని 1937లోనే మద్రాసు ప్రెసిడెన్సీ వైద్యులు రాశారు. నల్గొండ జిల్లా బట్లపల్లిలో అది 1945లో బయటపడింది. గ్రానైట్ రాతిలోని ఫ్లోరైడ్ భూగర్భ జలంలో కరుగుతుంది. లీటరు నీటిలో ఒకటిన్నర మిల్లీగ్రాములు దాటకూడదని మన తాగునీటి ప్రమాణం. అంతకు మించి ఫ్లోరైడ్ ఉన్న నీటిని ఏళ్ల తరబడి తాగితే ముందు పళ్లు గారపడతాయి, తర్వాత ఎముకలు బిగుసుకుని వంకర తిరుగుతాయి. వంగిన ఎముకను తిరిగి నిలబెట్టే మందు లేదు. అందుకే అక్కడ ఆరోగ్య సంస్కరణ అంటే ఆసుపత్రి కంటే ముందు నీళ్లు. నాకు ఈ కథలో అన్నిటికంటే ముఖ్యంగా తోచేది ఇదే. బార్కన్ బీమా అడిగితే, నల్గొండ మంచినీళ్లు అడిగింది. రెండూ వైద్యం కోరికలే.

ఆ కోరికను వినిపించడానికి జనం ఎన్ని దారులు వెతకలేదు! 1996 లోక్‌సభ ఎన్నికల్లో నల్గొండ స్థానానికి 480 మంది పోటీ పడ్డారు. బ్యాలెట్ పత్రాన్ని పుస్తకంలా అచ్చు వేయాల్సి వచ్చింది. మంచినీళ్ల కోసం ఉద్యమించిన జలసాధన సమితి నాయకుడు దుశర్ల సత్యనారాయణ 2003లో ఫ్లోరోసిస్ బాధితులను ఢిల్లీకి తీసుకెళ్లారు. మర్రిగూడ మండలం శివన్నగూడేనికి చెందిన అంశల స్వామిని ప్రధాని వాజ్‌పేయి ముందు బల్ల మీద పడుకోబెట్టారు. ఎముకలు మెలితిరిగి ఎదుగుదల ఆగిపోయిన ఆ దేహమే వినతిపత్రమైంది.

సత్యనారాయణ చేసింది తప్పని నేను అనను. కాగితాలకు కదలని అధికారం ముందు ఆయన దగ్గర అంతకు మించిన సాక్ష్యం లేదు. కానీ ఆ దృశ్యాన్ని వాడుకున్న మనం, పత్రికలూ చానళ్లూ, స్వామిని చాలాకాలం బల్ల మీదనే ఉంచేశాం. ఆయన తర్వాత సొంత ఊళ్లో క్షౌరశాల నడుపుకున్నారు, ఫ్లోరైడ్ సమస్య మీద మాట్లాడారు, మంత్రులు ఆయన ఇంటికి వచ్చారు. 2023 జనవరిలో మరణించినప్పుడు మళ్లీ పాత దృశ్యమే గుర్తు చేసుకున్నారు. బాధను చూపే బొమ్మ వెంటాడుతుంది గానీ అర్థం చేయించాలంటే కథనం కావాలని అమెరికన్ రచయిత్రి సూజన్ సోంటాగ్ వాదించారు. ఆ మాట రాసిన పుస్తకం కూడా 2003లోనే వచ్చింది.

బొమ్మ నుంచి వైద్యం వైపు వస్తే, ఈ చర్చకు ఢిల్లీలోనూ ఒక దారి ఉంది. అక్కడి ఐ.పి. ఎక్స్‌టెన్షన్‌లో, ఎయిమ్స్ శాస్త్రవేత్త ఎ.కె. సుశీల నెలకొల్పిన ఫ్లోరోసిస్ పరిశోధన సంస్థ పనిచేసింది. మంచినీరు, సరైన పోషకాహారంతో జబ్బును తొలిదశలోనే పట్టి ఆపవచ్చని సుశీల పరిశోధనలు చెప్పాయి. కేంద్రం 2008-09లో ఫ్లోరోసిస్ నివారణ, నియంత్రణ కార్యక్రమం మొదలుపెట్టినప్పుడు తొలి జిల్లాల్లో నెల్లూరు ఒకటి. తెలంగాణలో 2016లో మిషన్ భగీరథ ప్రారంభమైంది. పైపుల్లో నది నీళ్లు వస్తే కొత్త తరం బతుకుతుంది. ఇప్పటికే వంగిన నడుములకు మాత్రం నొప్పి తగ్గించే వైద్యం, చక్రాల కుర్చీలు, పింఛను, ఇంటి దగ్గర సేవ కావాలి. విజయగాథగా ముగిసే ప్రభుత్వ చిత్రంలో వీళ్లకు చోటుండదు.

కాబట్టి తెలుగులో రావలసిన డాక్యుమెంటరీ స్వామి దేహం గురించి కాదు, ఆయన అడిగిన దాని గురించి. మర్రిగూడ, మునుగోడు, దర్శి ప్రాంతాల్లో ఫ్లోరోసిస్‌తో బతుకుతున్నవారిలో చాలామంది వయసు మీదపడినవాళ్లే. వాళ్ల అనుమతితో, వాళ్ల మాటల్లోనే, నీళ్ల చరిత్రనూ డిమాండ్లనూ ఇప్పుడే రికార్డు చేయాలి. స్వామి మాట్లాడిన పాత వీడియోలు ఎవరి దగ్గరున్నా వాటిని తేదీలతో సహా భద్రపరచి విశ్వవిద్యాలయ గ్రంథాలయాలకు అందజేయాలని చలనచిత్ర పరిశోధకులకూ, జిల్లా విలేకరులకూ నా విన్నపం.