దిద్దడం

పలక మీద అక్షరాలు దిద్దుతాం, నుదుట బొట్టు దిద్దుతాం. పరీక్ష పేపర్లూ దిద్దుతారు. గురజాడ 1910 నాటి కథ పేరు ‘దిద్దుబాటు’. సరైన రూపానికి తేవడమే ఈ అచ్చతెలుగు క్రియలోని భావం. యూనివర్సిటీ నోటీసుల్లో కనిపించేది మాత్రం ‘పునర్మూల్యాంకనం’, అంటే మళ్లీ విలువకట్టి అంకె వేయడం. మన ‘అంకె’ కూడా అందులోని ‘అంకనం’కు మూలమైన ‘అంకం’ నుంచి వచ్చిందే.

ఈ పునర్మూల్యాంకనం (రీవాల్యుయేషన్) కుదరదన్న మహారాష్ట్ర విద్యా బోర్డు నిబంధనను 1984లో సుప్రీంకోర్టు సమర్థించింది. 2011లో మాత్రం, దిద్దిన జవాబుపత్రాన్ని సమాచార హక్కు చట్టం కింద విద్యార్థి చూసుకోవచ్చని తీర్పిచ్చింది. ఎంత మేలు చేసిన తీర్పో! లోపలి పేజీలో ఎర్రసిరాతో వేసిన 6 మార్కులు మొదటి పేజీ మొత్తంలో కలవకపోతే ఒక్కోసారి ఏడాదే పోతుంది. అనుమానముంటే ముందు మీ జవాబుపత్రం నకలు అడిగి తీసుకోండి.