సాంఘిక చరిత్ర పుట్టుక: సురవరమువారి గ్రామాన్వేషణము

రాజులు గెలిచిన యుద్ధములకును, వారు ధారవోసిన అగ్రహారములకును శాసనములు సాక్ష్యము పలుకును గాని, ఆ కాలపు రైతు ఏ ధాన్యము తినెనో, అతని ఇల్లాలు ఏ నగ దాల్చెనో, వారి పిల్లలు వెన్నెలలో ఏ ఆట లాడిరో చెప్పునవి కడు నరుదు. ఈ కొఱత తీర్పఁ బూనిన గ్రంథము సురవరం ప్రతాపరెడ్డిగారి 'ఆంధ్రుల సాంఘిక చరిత్ర'. అది 1949లో వెలువడినది.

1896లో బోరవెల్లిలో జన్మించి, ఇటిక్యాలపాడు స్వగ్రామముగాఁ గల పాలమూరు బిడ్డ యాయన. న్యాయశాస్త్రము చదివియు, హైదరాబాదున 1926 మే 10న 'గోలకొండ పత్రిక'ను స్థాపించి వకీలు వృత్తికన్న కలమునే నమ్ముకొనిరి. తెలంగాణమున తెలుగు కవులు లేరన్న యాక్షేపమునకు వాదముతోఁ గాక, 354 మంది కవులను గూర్చిన 'గోలకొండ కవుల సంచిక'తో 1934లో బదులిచ్చిరి. లేదన్న వస్తువును వెదకి చేతఁ బెట్టు నీ స్వభావమే పిదప సాంఘిక చరిత్రకును బీజమైనదని నా యూహ.

ఆయన సామగ్రిని వెదకిన చోటు విచిత్రమైనది. పండితులు అలంకారములకై చదువు కావ్యములను ఆయన అంగడి వీథులకై చదివిరి. పాల్కురికి సోమనాథుని కృతులలో జానపదుల పాటలు, వేడుకలు దొరకినవి. క్రీడాభిరామమున రూక కొక పూటకూటి భోజనము పెట్టు ఓరుగంటి యిల్లు దొరకినది. ఆముక్తమాల్యదలో వానకాలపు కాపుల పాట్లు, హంసవింశతిలో చేతిపనులవారి పనిముట్లు, మఱచిపోయిన యాటల పేళ్లు కుప్పలుగా దొరకినవి. పేరు దొరకినంత మాత్రమున అర్థము దొరకునా? నిఘంటువు తెఱచినచో 'ఒక క్రీడావిశేషము', 'ఒక భక్ష్యవిశేషము' అని యుండును. ఆ విశేష మేదియో చెప్పక తప్పించుకొను ఆ పద్ధతి ప్రతాపరెడ్డిగారికి మిక్కిలి చికాకు గలిగించినది. నిజమునకు మేడ్చలు దాపున రావల్కోలువంటి యూర మోటఁ గొట్టి, కల్లమున తూర్పారఁబట్టిన ముసలివారిని ముందు కూర్చుండఁబెట్టుకొన్నచో ఆ 'విశేషము'లలో పెక్కింటికి అర్థము క్షణములో తేలును. నిఘంటుకారులకు ఆ దారి తోఁచలేదు, అంతే.

ఆంగ్లదేశమున జార్జి స్టర్టు, తన తండ్రి విడిచిన బండిచక్రముల కార్ఖానాను నడపి, ఆ పనివారి నైపుణ్యమును 1923లో కన్నులఁ గట్టినట్లు వ్రాసెను. అతఁడు చూచినది వ్రాసెను. మనవారు చదివినదానినుండి చూచిరి. ఇందు లోపము లేకపోలేదు. కవి కన్ను పడని వాడలు, కూలిస్త్రీల దినచర్య, వెట్టివారి గోడు ఈ గ్రంథమునను పలుచగానే యున్నవి.

ప్రతాపరెడ్డిగారు 1953లో గతించిరి. 1955లో తెలుగునకు దక్కిన మొట్టమొదటి కేంద్ర సాహిత్య అకాడమీ బహుమానము ఈ గ్రంథమునకే లభించినది. గ్రంథమేమో 1907తో ఆగిపోవును. నిజాము స్వంత భూములగు సర్ఫెఖాసులోని అత్రాఫె బల్దా జిల్లాలో, మేడ్చలు చుట్టుపట్ల రైతులు ఆ తరువాత గడపిన నాలుగు దశాబ్దముల బ్రదుకు ఏ కావ్యమునను లేదు. దానిని వ్రాయఁబూనువానికి కావ్యపఠనముకన్న రచ్చబండ వినికిడియే హెచ్చు పనికివచ్చును.