పెళ్ళి క్యాసెట్టులో వరిచేలు

హంగరీ దర్శకుడు పీటర్ ఫోర్గాచ్ తన సినిమాల కోసం ఎవరెవరి ఇళ్ళల్లోనో పడి ఉన్న పాత రీళ్ళు పోగుచేస్తాడు. పుట్టినరోజులు, పెళ్ళిళ్ళు, పిల్లల ఆటలు. వాటిని నిదానం చేసి, అక్కడక్కడా ఆపి, సంగీతం జతచేసి మన ముందు పెడతాడు. 1997లో వచ్చిన ‘ద మెయిల్‌స్ట్రోమ్’లో నెదర్లాండ్స్‌లోని ఒక యూదు కుటుంబం తమకోసం తీసుకున్న దృశ్యాలున్నాయి. చివర్లో వాళ్ళు ప్రయాణానికి బట్టలు సర్దుకుంటూ ఉంటారు. వెళ్ళేది నాజీల శిబిరానికి. అక్కడ ఏం జరగబోతోందో మనకు తెలుసు, వాళ్ళకి తెలీదు. సినిమా బలమంతా ఆ తేడాలోనే ఉంది.

మన దేశంలో బెంగళూరు కళాకారిణి ఆయిషా అబ్రహాం ఇలాంటి పనే చేశారు. ఒక ఔత్సాహికుడు తీసిన 8 ఎం.ఎం. రీళ్ళతో ‘స్ట్రెయిట్ 8’ తయారైంది.

మరి భీమవరంలో? ఇక్కడి ఇళ్ళల్లో అలాంటి కెమెరాలు అరుదు. మనకి ఇంటి సినిమా అంటే 80ల్లో మొదలైన పెళ్ళి క్యాసెట్టే. తలంబ్రాల మీద సినిమా పాట, తామరపువ్వులోంచి పెళ్ళికూతురు మొహం. ఇప్పుడు చూస్తే నవ్వొస్తుంది.

కానీ జంట మీంచి చూపు కాస్త పక్కకి తిప్పండి. పందిరి అవతల వరిచేలు. తర్వాతి ఏళ్ళల్లో వాటిలో చాలా భాగం చేపల చెరువులూ రొయ్యల చెరువులూ అయ్యాయి. చేలతోపాటే ఊడ్పులూ కుప్పనూర్పులూ పోయాయి. నాజీల ఘోరంతో దీన్ని పోల్చకూడదు. కానీ చూడాల్సిన పద్ధతి మాత్రం అదే: పందిట్లో కూర్చున్నవాళ్ళకి తెలీనిది మనకు తెలుసు.

ఇంకో సంగతి. వీడియో పెట్టించే స్తోమత అందరికీ లేదు. చాలామంది ఇతరుల క్యాసెట్లలోనే మిగిలారు. డోలు వాయిస్తూ, గాడిపొయ్యి దగ్గర గంగాళం దించుతూ, విస్తళ్ళు తీస్తూ. కెమెరా అటు తిరిగినప్పుడు ఒక్క క్షణం లైటు వాళ్ళ మీద పడింది. ఊరి చరిత్ర కావాలంటే ఆపి చూడాల్సింది ఆ క్షణాన్నే.

ఆ టేపులకి డెల్టా చెమ్మకి బూజు పడుతోంది. 2016లో జపాన్‌లో ఫునాయ్ సంస్థ కూడా వీసీఆర్‌ల తయారీ ఆపేసింది. మీ క్యాసెట్టు డిజిటల్ చేయిస్తుంటే, మాంగల్యధారణ ఉంచి మిగతాది కత్తిరించమనకండి. భోజనాల బంతి ఉంచండి. వడ్డించేవాళ్ళని ఉంచండి.