పట్టిసీమ ఇద్దరమ్మలు

మా మునగపాకలో యాత్ర అంటే రెండే లెక్కలు. ఎంతమంది దేవుళ్ళు, ఎంత చార్జీ. మొన్న కార్తీకమాసంలో బస్సు మాట్లాడినాయన పంచిన కాగితం మాత్రం ఈ లెక్కకి లొంగలేదు. పొద్దున్న ధవళేశ్వరంలో కాటన్ దొర, తరవాత రాజమండ్రిలో కందుకూరి వీరేశలింగం గారి ఇల్లు, మధ్యాహ్నం గోదావరి మధ్య పట్టిసీమ వీరభద్రుడు, రాత్రికి ఇల్లు. "ఇద్దరు మనుషులకీ కలిపి ఒక్క దేవుడా!" అని పక్కవీధివాళ్ళు పెదవి విరిచి అన్నవరం బస్సెక్కేశారు. చివరికి ముప్పైమందిమి తేలాం. డ్రైవరూ క్లీనరూ తప్ప అందరమూ ఆడవాళ్ళమే.

మా పిన్నత్తగారు కూడా వచ్చింది. మా అత్తగారి ఆఖరి చెల్లెలు. డెబ్భై అయిదు దాటాయి. పులిహోర డబ్బా ఒక చేత్తో, అచ్చు బెల్లం మూట ఒక చేత్తో పట్టుకుని అందరికన్నా ముందే వచ్చి కిటికీ పక్క సీటు చూసుకుంది.

తెల్లవారుజామున మూడింటికి బయల్దేరాం. యలమంచిలి దాటాక ఎస్. రాయవరం వైపు తిరిగే దారి చీకట్లో కనీకనపడకుండా వెళ్ళిపోయింది. గురజాడ అప్పారావు గారు 1862లో పుట్టిన ఊరది. 'కన్యాశుల్కం' రాసి, బుచ్చమ్మనీ గిరీశాన్నీ మనకిచ్చిన మహానుభావుడు మా పొరుగువాడే సుమండీ! వితంతు వివాహం గురించి గిరీశం దంచే ఉపన్యాసాలకి మనం ఈనాటికీ నవ్వుకుంటాం. ఆ ఉపన్యాసాల వెనక నిజంగా జరిగిన పెళ్ళి ఒకటుందనీ, ఆ పెళ్ళి జరిగిన ఊరికే మేం వెళ్తున్నామనీ బస్సులో సగంమందికి గుర్తులేదు. ఆ వేళకి అందరూ నిద్రలో ఉన్నారు లెండి.

ధవళేశ్వరంలో గైడు ఎక్కాడు. పాతికేళ్ళ కుర్రాడు, చేతిలో మైకు. "మేడమ్స్, ఇక్కడ పావుగంట" అన్నది అతని పల్లవి. బ్యారేజీ చూపించాడు, కాటన్ మ్యూజియంలో తిప్పాడు, గుర్రం మీది దొర విగ్రహం దగ్గర ఫోటోలు తీయించాడు. చెప్పినవన్నీ నిజాలే, కాకపోతే పరుగున చెప్పాడు. 1833లో వచ్చిన కరువుని జనం డొక్కల కరువన్నారు. ఎముకలు బయటపడ్డ డొక్కలే ఆ కరువుకి పేరు పెట్టాయి. 1839లో ఉప్పెన. 1821లో 7 లక్షల 38 వేలున్న గోదావరి జిల్లా జనాభా 1841 నాటికి 5 లక్షల 61 వేలకి పడిపోయింది. నిండుగా పారే నది ఒడ్డునే జనం తిండిలేక చచ్చిపోయారు. కాటన్ 1847లో ఆనకట్ట మొదలుపెట్టి 1852కి పూర్తిచేశాడు. ఇప్పుడు మనం చూసే బ్యారేజీ అదే కాదు. పాత ఆనకట్ట బదులు 1970లో మొదలుపెట్టి 1982లో పూర్తిచేసిన కట్టడం ఇది. పేరు మాత్రం ఆయనదే ఉంచారు. పరాయి దొరకి గోదావరి రైతులు ఊరూరా విగ్రహాలు పెట్టారంటే ఊరికే పెట్టలేదు. అన్నం తిన్నవాళ్ళు పెట్టుకున్నవి అవి.

ఇక్కడే ఇంకో సంగతి ఉంది. అది మా కుర్రాడి మైకులో రాలేదు. ఈ ధవళేశ్వరంలోనే, 1874లో, వీరేశలింగం గారు ఆడపిల్లలకి బడి పెట్టారు. అప్పుడాయన ఇక్కడి బళ్ళో ప్రధానోపాధ్యాయుడు, వయసు 26. కాటన్ నీళ్ళు పొలాల్లోకి వచ్చిన ఇరవై రెండేళ్ళకి అక్షరాలు ఆడపిల్లల దగ్గరికి వచ్చాయన్నమాట. ఆనకట్టంత పొడుగు లేదు కాబట్టి ఆ బడి కంటికి ఆనదు.

రాజమండ్రిలో వీరేశలింగం గారిల్లు చూశాం. స్మారకంగా కాపాడుతున్నారు. "వీరు గొప్ప సంఘ సంస్కర్త, తొలి వితంతు వివాహం చేయించారు, పది నిమిషాలు" అన్నాడు గైడు. పది నిమిషాల్లో ఒక పెళ్ళి గురించి వినడం ఆడవాళ్ళకి చేతనవుతుందా చెప్పండి? నేను చదివిన నాలుగు ముక్కలూ నలుగురికీ చెప్పడం మొదలుపెట్టాను. అతను పాపం మైకు కట్టేసి తనూ విన్నాడు.

విధవలు మళ్ళీ పెళ్ళి చేసుకోవచ్చని చట్టం 1856లోనే వచ్చింది. బెంగాల్లో ఈశ్వరచంద్ర విద్యాసాగరుడు పట్టుబట్టి తెప్పించాడు. అది కాగితం మీంచి రాజమండ్రిలో పెళ్ళిపీటల దాకా రావడానికి పాతికేళ్ళు పట్టింది. 1881 డిసెంబరు 11. పెళ్ళికొడుకు గోగులపాటి శ్రీరాములు, పెళ్ళికూతురు గౌరమ్మ. ఊరంతా ఒకపక్కా, వీరేశలింగం గారూ కొద్దిమంది మిత్రులూ శిష్యులూ ఒకపక్కా. ఖర్చులకి కాకినాడ వర్తకుడు పైడా రామకృష్ణయ్య గారు సాయపడ్డారు. పోలీసు బందోబస్తుతో పెళ్ళి. మన పెళ్ళిళ్ళకి బాజాభజంత్రీలు ఎలాగో, దానికి పోలీసులు అలాగ.

పెళ్ళి అయిపోయింది. అసలు కష్టం మర్నాటినించి. వెలి వేశారు. పెళ్ళికి వచ్చినవాళ్ళు కొందరు ప్రాయశ్చిత్తాలు చేసుకుని తప్పుకున్నారు. వంటవాళ్ళు రారు, నీళ్ళు తెచ్చేవాళ్ళు రారు. పెళ్ళివారూ, చుట్టాలూ, ఇల్లు విడిచి వచ్చిన వితంతువులూ ఆ కొంపలోనే. వాళ్ళందరికీ అన్నం పెట్టిందెవరు? ఆయన భార్య రాజ్యలక్ష్మమ్మ. గోదావరికి వెళ్ళి బిందెలతో తనే నీళ్ళు మోసుకొచ్చి, తనే వండి, తనే వడ్డించింది.

ఆవిడ పుట్టింటి పేరు బాపమ్మ. రాజమండ్రి పక్కనున్న కాతేరు పిల్ల. 1861లో పెళ్ళయ్యేనాటికి ఆయనకే 13 ఏళ్ళు. అత్తింటికొచ్చాక బాపమ్మ రాజ్యలక్ష్మి అయింది. పిల్లలు లేరు. ఇంటికొచ్చిన ఆడపిల్లలందరికీ తల్లి తనే అయింది. ఆయన ఉపన్యాసం ఇచ్చి, పత్రిక అచ్చువేసి, శాస్త్రార్థాలు చెప్పి రాత్రికి ఇంటికొస్తే తలుపు తీసిందావిడ. ఆ తలుపు మూసేసి ఉంటే ఈ చరిత్ర ఎక్కడుండేదో! 1910లో పోయింది. సమాధి రాజమండ్రి ఆనందోద్యానంలో ఉంది. మా కాగితంలో ఆ చోటు లేదు. అడిగితే "టైమ్ చాలదు మేడమ్, లాంచీ తప్పిపోతుంది" అన్నాడు గైడు. నిజమే, చాలదు. గుర్రం మీది దొర దగ్గర ఫోటోలకి ముప్పావుగంట పట్టింది మరి.

పిన్నత్తగారు ఇంతసేపూ గడపలో కూర్చుని వింటోంది. లేస్తూ ఒకే ప్రశ్న వేసింది. "ఆ పిల్ల పేరేటన్నావు?"

"గౌరమ్మ."

"ఊఁ" అని బస్సెక్కింది.

గోదావరి మీద వంతెన దాటి కొవ్వూరు చేరి, ఏటిగట్టు పట్టుకుని తాళ్ళపూడి మీదుగా పట్టిసీమ వెళ్ళాం. దారిపొడుగునా కుడిచేతి వైపు గోదావరి. పట్టిసీమ రేవులో లాంచీ ఎక్కగానే తొడుక్కోమని లైఫ్ జాకెట్లు ఇచ్చారు. 2019లో కచ్చులూరు దగ్గర పర్యాటకుల పడవ మునిగి ఎంతమంది పోయారో తలుచుకుంటే, పట్టుచీర మీద ఆ నారింజరంగు కోటు బాగుందా లేదా అని ఎవరూ ఆలోచించలేదు. 2015లో కట్టిన ఎత్తిపోతల పథకం ఒడ్డున కనపడుతోంది. గోదావరి నీళ్ళని కృష్ణకి తోడి పంపేది అదే. కాటన్ నీళ్ళకి అడ్డం కట్టాడు, వీళ్ళు నీళ్ళని ఎత్తి పోస్తున్నారు.

నది నడుమ కొండ. దేవకూటాద్రి అంటారు. దక్షయజ్ఞం నాడు వీరభద్రుడు దక్షుడి తల నరికిన పట్టిసాన్ని ఇక్కడే కడిగాడనీ, అందుకే పట్టిసమనీ స్థలపురాణం. భార్యని పుట్టింట్లో అవమానిస్తే శివుడికి వచ్చిన కోపం అది. ఆ సంగతి మనం మరిచిపోయి వీరభద్రుడి కోపం ఒక్కటే గుర్తుపెట్టుకుంటాం. వీరభద్రుడికి తోడు భద్రకాళి ఉంది. క్షేత్రపాలకుడేమో భావనారాయణస్వామి. శివుడి కొండకి విష్ణువు కాపలా అన్నమాట. శివరాత్రికి జనం తండోపతండాలుగా వస్తారు. కార్తీకంలో నీళ్ళింకా నిండుగా ఉంటాయి గనక మెట్లెక్కుతుంటే నాలుగువైపులా గాలీ, నీళ్ళ చప్పుడూ. ఆయాసం తెలియలేదు.

దర్శనం అయ్యాక గైడు "కిందకి పదండి, పావుగంట" మొదలెట్టాడు. పిన్నత్తగారు కదల్లేదు.

"ఏటి బాబూ, ఆ ఇద్దరమ్మల్నీ సూపించవేటి?"

అతనికి అర్థం కాలేదు. నాకూ కాలేదు. గుడిలో ఒకావిడ నైరుతి మూలనున్న మంటపం చూపించింది. అక్కడ అనిస్త్రీ, పునిస్త్రీ అని ఇద్దరు దేవతలు. పునిస్త్రీ అంటే ముత్తయిదువ. అనిస్త్రీ ఆ భాగ్యం లేనిది. భర్త పోయిన ఆడవాళ్ళు వచ్చి వీళ్ళని దర్శించుకుంటే వచ్చే జన్మలో వైధవ్యం రాదని నమ్మకం.

నేను అక్కడ నిలబడిపోయాను. పొద్దున్న చూసిన ఇల్లూ, ఇప్పుడు చూస్తున్న మంటపమూ ఒకే నది మీద, ఒక్కరోజు ప్రయాణంలో ఉన్నాయి. రెండూ ఒకే దుఃఖానికి పుట్టినవే. మంటపం "వచ్చే జన్మలో" అంటుంది, ఆ ఇల్లు "వచ్చే ఆదివారం" అంది. అన్నట్టు 1881 డిసెంబరు 11 ఆదివారమే. ఎన్నో తరాల ఆడవాళ్ళు బోడి గుండ్ల మీద ముసుగు కప్పుకుని, పడవెక్కి ఈ కొండకి వచ్చి ఇక్కడ దణ్ణం పెట్టుకుని ఉంటారు. వాళ్ళని చూసి మూఢనమ్మకం అని నవ్వడం నా వల్ల కాదు. ఈ జన్మ తలుపులన్నీ మూసేసి గడియ పెట్టింది మనుషులు. పక్క జన్మకి చిన్న కిటికీ తెరిచిపెట్టారు ఈ ఇద్దరమ్మలు. ఆ గదిలో ఉన్నవాళ్ళు కిటికీ దగ్గరికే కదా వెళ్తారు!

పిన్నత్తగారికి పెళ్ళయిన ఏడాదిన్నరకి చినమావగారు పోయారు. అప్పుడావిడకి పద్ధెనిమిదేళ్ళు. ఈ సంగతి మా ఇంట్లో ఎవరూ ఎప్పుడూ ఎత్తరు. ఆ మంటపం ముందు ఆవిడే ఎత్తింది.

"మా అమ్మమ్మకి మారుమనువేనే అమ్మాయ్. మా వాళ్ళలో ఉండీది. పొలాలు కొన్నాక, మిద్దిళ్ళు కట్టాక, మనం పెద్దింటోళ్ళం అని మానీసినారు. మా అమ్మమ్మ బతికుంటే నన్నలగ ఒగ్గీనా?"

ఈ మాట పుస్తకాలు చదివిన నాకు కొత్తగా తగిలింది. వీరేశలింగం గారు పోరాడింది అగ్రహారాలతో, పై కులాల ఇళ్ళతో. ఎందుకంటే ఆ ఆచారం అక్కడే బండరాయిలా ఉంది. కష్టం చేసుకు బతికే చాలా కులాల్లో మారుమనువు తప్పు కాదు, పెద్దల ముందు జరిగే మామూలు వ్యవహారం. ఆయన వాళ్ళ ఇళ్ళకి రానక్కర్లేకపోయింది. చిత్రమేమిటంటే పైవాళ్ళు నెమ్మదిగా ఆ బండని దించుకుంటున్న రోజుల్లోనే, నాలుగు డబ్బులు చేతికొచ్చిన కిందివాళ్ళు దాన్ని గౌరవం అనుకుని నెత్తికెత్తుకున్నారు. చట్టం వచ్చి నూట పదేళ్ళయ్యాక, ఇంత దగ్గర్లో రాజమండ్రి ఉండగా, పద్ధెనిమిదేళ్ళ పిల్ల మునగపాకలో తెల్లచీర కట్టుకుని అక్కగారి పిల్లల్ని ఎత్తుకుని పెంచింది. ఆ పిల్లల్లో పెద్దవాడే మా ఆయన.

పిన్నత్తగారు మూట విప్పి బెల్లం అచ్చు తీసింది. ఇందాక వీరభద్రుడికి కొబ్బరికాయ కొట్టింది గాని బెల్లం తీయలేదని అప్పుడు గుర్తొచ్చింది నాకు. ఇద్దరమ్మల ముందూ పెట్టి, చాలాసేపు కళ్ళు మూసుకుంది. గైడు కుర్రాడు కిందనుంచి వచ్చి, ఈసారి పావుగంట అనకుండా చెప్పులు విడిచి పక్కన నిలబడ్డాడు.

లాంచీలో అడిగాను, "ఏం కోరుకున్నావు పిన్నత్తా?"

"సెప్తే తీరదు" అంది. కాసేపాగి, "అయినా ఆ బెల్లం మొదటి ముక్క రాజ్యలచ్చమ్మ పేరునే పెట్టేను. ఆవిడ కాడికి మీ గైడు తీసికెళ్ళలేదు గదా" అని, నారింజరంగు కోటు బొత్తాం తీయడం రాక నా వైపు తిరిగింది.