ఉన్మాదచరిత్రకు కర్త యెవరు?

దక్షిణ అండమాను పడమటి తీరమున, 2024లో శ్రీ విజయపురమని పేరు మారిన పోర్ట్ బ్లెయిరుకు సుమారు 25 కిలోమీటర్ల దూరమున వండూర్ గ్రామము కలదు. 1983లో ఏర్పడిన సముద్ర జాతీయోద్యానమునకు అదియే ద్వారము. పగడపు దిబ్బలకై నేడు కెమెరాలు చేరుచున్న ఈ దీవిలోనే, మనోవ్యాధి పాలైన ఒక కుటుంబపు కథ శతాబ్దము క్రిందట కాగితముపై కెక్కినది.

ఆలీపూరు బాంబు కేసులో 1909లో మరణశిక్ష పొంది, అప్పీలుపై యావజ్జీవ ద్వీపాంతరవాసమునకు వచ్చిన ఉల్లాస్‌కర్ దత్తుకు 1912లో సెల్యులర్ కారాగారమున మతి చలించెను. కఠినశ్రమను నిరాకరించినందుకు, జ్వరములో నుండగనే, ఆయనను చేతిసంకెళ్లతో గోడకు కట్టి నిలబెట్టియుండిరి. తండ్రి ద్విజదాస దత్తు కుమారుని స్థితి తెలుపుడని ప్రభుత్వమునకు లేఖలు వ్రాసెను. వ్యాధికి కారణము మలేరియా యని అధికారులు బదులిచ్చిరి. పిమ్మట ఉల్లాస్‌కరును మదరాసు పిచ్చాసుపత్రికి తరలించిరి. 1920లో విడుదలయై, 1924లో ఆయన తన కారాగారానుభవములను గ్రంథముగ ప్రకటించెను. అధికారి, తండ్రి, రోగి: ఒకే ఉన్మాదమునకు మూడు కథనములు. మొదటిదే మిగిలియున్నచో సంకెళ్ల కథ మలేరియా మాటున మరుగుపడెడిది.

డాక్యుమెంటరీ చిత్రమును ఇట్టి మూడు దశలను చూచినది. 1967లో ఫ్రెడరిక్ వైస్‌మన్ 'టిటికట్ ఫాలీస్' చిత్రమున, అమెరికాలోని మాసచూసెట్స్ రాష్ట్రమున నేరస్థులైన మనోరోగుల నుంచిన బ్రిడ్జివాటర్ ఆసుపత్రిని చూపెను. అందలి క్రూరత్వము లోకమునకు తెలిసెను. కాని నగ్నముగ చూపబడిన రోగుల అంగీకారమేదని ప్రభుత్వము న్యాయస్థానమున ప్రశ్నించెను. తన పరువు కాపాడుకొనుటకే ప్రభుత్వమట్లు వాదించెనని దర్శకుడనెను. సామాన్య ప్రేక్షకులకు ఆ చిత్రము 1991 వరకు నిషిద్ధమయ్యెను.

2003లో జొనాథన్ కావెట్ 'టార్నేషన్' చిత్రమున కెమెరా ఇల్లు ప్రవేశించెను. చిన్ననాటినుండి తాను తీసిన దృశ్యములతో అతడు తన తల్లి మనోవ్యాధిని చెప్పెను. ప్రేమకు లోటు లేదు. ఐనను ఏ దృశ్యము నిలువవలెనో నిర్ణయించినది కుమారుడే, తల్లి కాదు. 2011 నాటి జాతీయ పురస్కారము పొందిన అపర్ణా సన్యాల్ చిత్రము 'ఎ డ్రాప్ ఆఫ్ సన్‌షైన్'లో, స్కిజోఫ్రీనియాతో జీవించుచున్న రేష్మా వల్లియప్పన్ తన అనుభవమును స్వయముగ వివరించెను.

చికిత్సాలయమున నున్న మనోరోగి ఛాయాచిత్రమును గాని సమాచారమును గాని ఆ వ్యక్తి అంగీకారము లేక పత్రికాదుల కీయరాదని 2017 నాటి మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టము 24వ సెక్షను విధించినది. తన యింట తల్లిని చిత్రించు కుమారుని ఉద్దేశించి చేసినది కాదు ఆ సెక్షను. అచట అతని మనస్సాక్షియే హద్దు.

అండమాను దీవులలో తెలుగు కుటుంబములు పెక్కు గలవు. వండూర్ వంటి యూర నొక తెలుగింటి మనోవ్యాధిని చిత్రింప బూనువారికి ద్విజదాసుని ఆర్తి తప్పక వలయును. కాని ఆ తండ్రి లేఖలతో ఉల్లాస్‌కర్ చరిత్ర పూర్తి కాలేదు. కుమారుడు తన గ్రంథమును తానే వ్రాసికొనవలసివచ్చెను.