నిశ్చల చిత్రాల సినిమా

1921లో పాల్ స్ట్రాండ్, చార్లెస్ షీలర్ న్యూయార్క్ మీద తీసిన ‘మన్‌హట్టా’ పది నిమిషాల చిత్రం. ఇద్దరూ ఫొటోగ్రఫీలో చెయ్యి తిరిగినవాళ్లు. అందుకే కెమెరాను దాదాపు కదపలేదు. ఫొటోకు కుదిర్చినట్టే ఫ్రేము కుదిర్చి, పొగలు, పడవలు, జనం అందులో కదులుతుంటే తీశారు.

రెండేళ్లకు పారిస్‌లో మాన్ రే ఇంకా సాహసించాడు. డాడా కళాకారుల ప్రదర్శన కోసం హడావిడిగా చేసిన ‘లె రెతూర్ ఆ లా రేజోన్’లో కొంత భాగానికి కెమెరానే వాడలేదు. చీకటిగదిలో ఫిల్మ్ ముక్కలు పరిచి, కొన్నిటి మీద ఉప్పు, మిరియాలపొడి చల్లాడు. కొన్నిటి మీద గుండుసూదులు, మేకులు పడేశాడు. క్షణంపాటు లైటు వేసి, ఫిల్మ్ కడిగాడు. వెలుగు తగిలినచోట నల్లబడింది, వస్తువు అడ్డుపడినచోట తెల్లగా మిగిలింది. ఒక ఫ్రేముకూ తర్వాతి ఫ్రేముకూ పొంతన లేదు కాబట్టి తెరమీద ఆ సూదులు, రేణువులు చెలరేగి ఎగిరాయి. ఫొటోగ్రాఫర్ల పాత చిట్కా ఒకటి ఇలా సినిమా అయింది.

ఈ దారిలో శిఖరం మాత్రం క్రిస్ మార్కర్ ‘లా జెటే’ (1962). నిడివి 28 నిమిషాలు. ఇంచుమించు అంతా నిశ్చల ఛాయాచిత్రాలే, వెనక వ్యాఖ్యానం. మూడో ప్రపంచయుద్ధం తర్వాత పారిస్ నేలమాళిగల్లో బందీగా ఉన్న ఒకణ్ణి గతంలోకి పంపుతారు. చిన్నప్పుడు ఓర్లీ విమానాశ్రయంలో చూసిన ఒక ముఖం అతని మనసులో నాటుకుపోయింది, అందుకే అతణ్ణి ఎంచుకున్నారు. జ్ఞాపకమే కథ కాబట్టి ఫొటో తప్ప మరో రూపం దీనికి నప్పదు. ఒకచోట నిద్రపోతున్న స్త్రీ ఫొటోలు ఒకదానిలోకి ఒకటి కరుగుతాయి, పక్షుల కూతలు పెరుగుతాయి. ఉన్నట్టుండి ఆమె కళ్లు తెరిచి రెప్పలార్పుతుంది. చిత్రం మొత్తంలో నిజంగా కదిలే దృశ్యం ఆ కొన్ని సెకన్లే. కదలిక ఎంత అపురూపమో ఇంత బలంగా చెప్పిన సినిమా అరుదు.

ఫొటోగ్రాఫర్‌గా మొదలైన ఆన్యెస్ వార్దా 1963లో, క్యూబాలో తీసిన ఫొటోలను పాటల లయకు పేర్చి ‘సాల్యూ లె క్యూబైన్’ చేసింది. అందులో గాయకుడు బెన్నీ మోరే ఫొటోల్లోనే నాట్యమాడతాడు.

అమెరికాలో హాలిస్ ఫ్రాంప్టన్ 1971లో ‘నోస్టాల్జియా’ తీశాడు. అతని పాత ఫొటోలు విద్యుత్ పొయ్యి మీద ఒక్కొక్కటే ముడుచుకుని కాలిపోతుంటాయి. వినిపించే మాటలు మాత్రం రాబోయే ఫొటో గురించి.

వార్దా 1982లో తాను 1954లో సముద్రతీరాన తీసిన ఒక్క ఫొటో మీదే ‘యులిస్’ తీసింది. ఫొటోలోని బాలుణ్ణి పెద్దయ్యాక కలిస్తే, అతనికి ఆ రోజు గుర్తే లేదు. ఈ చిత్రానికి 1984లో లఘు డాక్యుమెంటరీ విభాగంలో సెజార్ అవార్డు వచ్చింది.